నవకమ్మికులు: పల్నాట గురువులే కట్టడాలు కట్టించిన కాలం

పల్నాటి కట్టడాల చరిత్రను శాసనాల ఆధారంగా చదివేవారికి ఒక విశేషం త్వరగానే కంటపడుతుంది. కాలం మనకు దగ్గరయ్యే కొద్దీ దాత పేరు పెద్దదవుతూ, పని నడిపించిన నిపుణుని పేరు మరుగున పడుతూ వచ్చింది. నాదెండ్ల ఊరిపేరే ఇంటిపేరుగా గల గోపమంత్రి శ్రీకృష్ణదేవరాయల మహామంత్రి తిమ్మరుసుకు మేనల్లుడు. 16వ శతాబ్ది తొలి పాదంలో కొండవీటి దుర్గానికి అధిపతి. అక్కడి రాఘవాలయం విషయంలో ఆయన చూపిన ఔదార్యం శిలాశాసనాలకెక్కింది. ఆ కాలపు శాసనాలలో సాధారణంగా దాత వంశమూ, బిరుదులూ, ఇచ్చిన భూముల ఎల్లలూ విస్తారంగా ఉంటాయి. అంతకు 1200 ఏళ్ళకు పైగా వెనుక, ఇదే సీమలో కృష్ణ ఒడ్డున వెలసిన బౌద్ధ కట్టడాల శాసనాలు మరొక మర్యాద పాటించాయి. దాత పేరు చెప్పిన తరువాత, ఆ పనిని పూర్తిచేయించిన భిక్షువు ఎవరో, ఆయన ఏ గ్రంథాలు చదివాడో, ఎవరి వద్ద చదివాడో కూడా అవి చెప్పాయి. ఒకచోట రాయి మలచిన మేస్త్రీ పేరు కూడా చెప్పాయి. అటువంటి భిక్షువును ఆ ప్రాకృత శాసనాలు ‘నవకమ్మికుడు’ అన్నాయి. నేటి మాటల్లో వాస్తుశిల్పి, పర్యవేక్షకుడు, ఉపాధ్యాయుడు అనే మూడు బాధ్యతలు ఆ ఒక్క మాటలో ఇమిడి ఉన్నాయి. పల్నాటికి తెలిసిన తొలి వాస్తుశిల్పులు వీరేననడం అతిశయోక్తి కాదు.

‘నవకమ్మ’ అనే పాళీ మాటకు సంస్కృత రూపం ‘నవకర్మ’. కొత్త పని అని దాని పదార్థం. భిక్షువుల నివాసాలను కొత్తగా కట్టించడం, పాతవాటిని బాగుచేయించడం అనే రెండు అర్థాలలోనూ దానిని వాడారు. భిక్షువుల నియమావళి అయిన వినయపిటకంలో, చుళ్ళవగ్గ అనే భాగంలోని ఆరవ ప్రకరణం నివాసాలకు సంబంధించినది. ఈ హోదా ఎలా పుట్టిందో అక్కడ ఒక వృత్తాంతం ద్వారా వివరించారు. వైశాలి నగరంలో ఒక పేద దర్జీ సంఘానికి తన వంతుగా ఒక విహారం కట్టించాలనుకొని, కూలి ఇచ్చే శక్తి లేక తానే మట్టి తొక్కి, ఇటుకలు పేర్చి, గోడ లేపాడు. పనితనం తెలియనందువల్ల గోడ వంకరగా లేచి కూలిపోయింది. రెండవసారీ, మూడవసారీ అంతే జరిగింది. అన్నవస్త్రాలు, మందులు ఇవ్వగలవారికి భిక్షువులు దగ్గరుండి సలహాలు చెప్తారనీ, పేదవాడైన తనకు చెప్పే దిక్కు లేదనీ అతడు బాధపడ్డాడు. ఆ మాట బుద్ధుని దాకా వెళ్ళింది. కట్టడం పనిని ఒక భిక్షువుకు అప్పగించవచ్చుననీ, ఆ భిక్షువు పని త్వరగా పూర్తయ్యేటట్లూ, విరిగినవి బాగుపడేటట్లూ చూడాలనీ ఆయన నియమం చేశాడు.

ఈ వృత్తాంతంలో కట్టడం శాస్త్రం కంటె ముందుగా ఒక సామాజిక న్యాయం కనిపిస్తుంది. ధనవంతుడు మేస్త్రీలను పెట్టుకోగలడు. చేతిలో పైకం లేనివాని దగ్గరకు నిపుణుడే నడిచి వెళ్ళాలి. ఈ ఆలోచనను 20వ శతాబ్దిలో లారీ బేకర్ వంటి వాస్తుశిల్పులు కేరళలో పేదల ఇళ్ళ విషయంలో ఆచరించి చూపినప్పుడు లోకం దానిని కొత్త మార్గంగా గుర్తించింది. వినయపిటకం దానిని ఎప్పుడో సంఘనియమంగా రాసిపెట్టింది. ఆ నియమాలు ఆచరణకు తగినంత ఖచ్చితంగా కూడా ఉన్నాయి. గోడకు మట్టి మెత్తడం, తలుపు నిలబెట్టడం, సున్నం వేయడం వంటి చిల్లర పనులకు నవకమ్మ హోదా ఇవ్వరాదు. చిన్న విహారానికి పని పరిమాణం చూసి అయిదారేళ్ళ గడువు ఇవ్వవచ్చు. పెద్ద విహారానికి లేదా మేడకు పది, పన్నెండేళ్ళు. ఇరవై ఏళ్ళకో, జీవితాంతానికో ఇచ్చే అలవాటును నిషేధించారు. ఒక మనిషికి రెండు పనులు అప్పగించరాదు. తీసుకున్న పనిని మరొకరికి దాటవేయరాదు. పనిని అడ్డం పెట్టుకొని నివాసాన్ని సొంతం చేసుకొనే ప్రమాదాన్ని ఈ నియమాలు చేసినవారు బాగా ఎరుగుదురని వీటిని బట్టి తెలుస్తుంది.

ఈ హోదా ఉత్తరదేశపు గ్రంథాలకే పరిమితం కాకుండా కృష్ణాతీరానికి కూడా వచ్చిందనడానికి అమరావతి శాసనాలు సాక్ష్యం. అక్కడి ధాన్యకటకపు మహాచైత్యం దగ్గర దొరికిన ఒక శాసనం చైత్యక శాఖకు చెందిన బుద్ధరక్షితుడనే స్థవిరుని, అంటే పెద్ద భిక్షువును, రాజగిరి నివాసిగా, నవకమ్మకునిగా పేర్కొంటుంది. అసలు దానం ఆయనది కాదు; ఆయన శిష్యురాలైన బుద్ధరక్షిత అనే భిక్షుణిది. ఆమెను ‘అంతేవాసిని’ అన్నారు. గురువు చెంతనే ఉండి చదువుకొన్నది అని ఆ మాటకు అర్థం. కట్టడం పని చూసే పెద్దకు చదువు చెప్పడం కూడా వృత్తిలో భాగమనీ, ఆ చదువు స్త్రీలకూ అందిందనీ ఈ ఒక్క వాక్యం చెప్తుంది. అదే అమరావతిలో నాగుడనే ఉపాధ్యాయుని కొడుకు విధికుడు, వృత్తిచేత చర్మకారుడు, తల్లి, భార్య, అన్నదమ్ములు, బిడ్డలతో కలిసి పూర్ణఘటం, అంటే నిండు కలశం, చెక్కిన పలకను సమర్పించాడు. ఆ చైత్యం ఇటువంటి చిన్నచిన్న దానాల కూర్పు. అన్ని దానాలనూ ఒక రూపంలోకి పొందించి నిలబెట్టడమే నవకమ్మకుని విద్య.

ఈ విద్యలో అందరికంటె ఎక్కువ వెలుగులోకి వచ్చిన వ్యక్తి నాగార్జునకొండ ఆనందుడు. ఇక్ష్వాకుల రాజధాని విజయపురి నేటి మాచర్లకు పడమరగా, మూడువైపుల కొండలూ ఒకవైపు కృష్ణా నదీ హద్దులుగా గల లోయలో ఉండేది. క్రీ.శ. 3వ శతాబ్దిలో ఏలిన వీరపురుషదత్తుని 6వ పాలనా సంవత్సరంలో, వర్షకాలపు 6వ పక్షంలో 10వ రోజున అక్కడి మహాచైత్యానికి శిలాస్తంభాలు నిలిపారు. ముఖ్య దాత రాజుకు మేనత్త అయిన చాంతిసిరి. ఆమె మహాసేనాపతి, మహాతలవరుడు అయిన ఖందసిరి భార్య. మహాతలవరుడంటే ఆనాటి ఉన్నత రాజోద్యోగి. స్తంభశాసనంలో ఆమె వంశప్రశస్తి తరువాత ఆనందుని పరిచయం వస్తుంది. పణ్ణగామంలో నివసించే ఆర్యసంఘపు ఆచార్యులు దీఘ నికాయాన్నీ, మజ్ఝిమ నికాయాన్నీ, అయిదు మాతృకలనూ బోధించేవారు. నికాయాలంటే బుద్ధుని ఉపదేశాల సంపుటాలు; మాతృకలంటే ఆ విషయాల సూచికలు. ఆ ఆచార్యుల శిష్యుడైన ఆనందుడు ఆ రెండు నికాయాలను కంఠస్థం చేసినవాడనీ, నవకమ్మికుడై మహాచైత్యాన్నీ స్తంభాలనూ పూర్తిచేయించాడనీ శాసనం చెప్తుంది.

గ్రంథాలు తాటాకుల కంటె నాలుకల మీదనే ఎక్కువగా నిలిచిన కాలంలో రెండు నికాయాలను ధరించడం అంటే ఏళ్ళ తరబడి సాగిన అధ్యయనం. అటువంటి పండితుని చేతికి కొలబద్దను, కూలీల లెక్కలను, రాతిబండల రవాణాను అప్పగించారు. ఆ సంఘం చదువునూ శ్రమనూ వేర్వేరు అంతస్తులుగా చూడలేదు. నేడు వాస్తుశాస్త్ర కళాశాలలు విద్యార్థులను ఊళ్ళలోకి పంపి అక్కడివారితో కలిసి పనిచేయించడాన్ని ప్రత్యేక పాఠ్యాంశంగా పెట్టుకోవలసి వస్తున్నది. ఆనందుని జీవితంలో అది విడిగా ఉండవలసిన అవసరమే రాలేదు.

ఆయన పూర్తిచేయించిన కట్టడాన్ని దగ్గరగా చూడాలి. మహాచైత్యం అడ్డుకొలత 106 అడుగులు. చైత్యం, స్తూపం అనే మాటలు ఇక్కడ ఒకే కట్టడానికి వర్తిస్తాయి. ధాతువును, అంటే పూజ్యుల అస్థిశేషాన్ని, గర్భంలో దాచి కట్టిన గుండ్రని దిబ్బ అది. అనేక ప్రాచీన స్తూపాలను లోపల ఖాళీ లేకుండా గట్టి దిమ్మగా కట్టారు. నాగార్జునకొండ స్తూపం నేలపటం మాత్రం బండి చక్రం లాగ ఉంటుంది. ఇరుసు దూరే చోట ఒక నడిమి కట్టు, దాని నుండి ఆకుల్లా విచ్చుకొన్న గోడలు, ఆ ఆకులను కలుపుతూ చుట్టు గోడలు, వీటి మధ్య ఏర్పడిన గదులలో దట్టించిన మట్టి. ఇటుకలు 20 అంగుళాల పొడవు, 10 అంగుళాల వెడల్పు, 3 అంగుళాల మందం కలవి. రెండు చేతులా పట్టి మోయవలసినంత పెద్దవి. పైన సున్నపు గారతో మెత్తి నునుపు చేశారు.

ఈ పద్ధతిలో మూడు ప్రయోజనాలు నెరవేరాయి. ఇటుక, కాల్పుకు కావలసిన కట్టె ఎంతో ఆదా అయ్యాయి. ఆకుగోడలు లోపలి మట్టి ఒత్తిడిని పంచుకొన్నందున కట్టడం పొట్ట ఉబ్బి పగలకుండా నిలిచింది. మూడవది ఈ వ్యాసానికి ముఖ్యమైనది: గోడల వరకే నేర్పరి చేతులు కావాలి, గదులు నింపే పనికి తట్ట మోయగలిగిన ఎవరైనా చాలు. వైశాలి దర్జీ వంటివారు పాలుపంచుకోవడానికి వీలైన నిర్మాణం ఇది. ధర్మచక్రం అనే భావానికీ, చక్రాకారపు పునాదికీ గల పోలిక ఆనాటివారికి తట్టకుండా ఉండదు. అయితే ఆ పోలిక ఎంత అందమైనదో, లెక్క అంత గట్టిది కూడా.

స్తూపానికి నాలుగు దిక్కులా ముందుకు పొడుచుకు వచ్చిన వేదికలను ఆయకాలంటారు. ఒక్కొక్క ఆయకం మీద అయిదేసి చొప్పున 20 స్తంభాలు నిలిపే పద్ధతి ఆంధ్రదేశపు స్తూపాలకే ప్రత్యేకం. బుద్ధుని జననం, గృహత్యాగం, జ్ఞానోదయం, తొలి ప్రవచనం, నిర్వాణం అనే అయిదు ఘట్టాలకు ఈ అయిదు స్తంభాలు గుర్తులని పండితుల వివరణ. ఈ స్తంభాలు దానాలను పంచుకోవడానికి కూడా తగిన ఏర్పాటు అయ్యాయి. చాంతిసిరితో పాటు ఇతర రాజకుటుంబ స్త్రీలు కూడా స్తంభాలు ఎత్తించారు. ఉజ్జయిని రాకుమారి, వీరపురుషదత్తుని దేవేరులలో ఒకరైన రుద్రధర భట్టారిక ఒక స్తంభంతో పాటు 170 దీనారి మాషకాలు కూడా ఇచ్చినట్లు శాసనంలో అంకెతో సహా ఉంది. చాంతిసిరి అంతటితో ఆగలేదు. పన్నెండేళ్ళ తరువాత, వీరపురుషదత్తుని 18వ సంవత్సరంలో, మహాచైత్యం పక్కనే అపరమహావినసేలీయులనే శాఖవారి కోసం ఒక చైత్యగృహం కట్టించింది.

విజయపురి లోయలో తవ్వకాలలో బయటపడిన బౌద్ధ స్థావరాలు 30కి పైగా ఉన్నాయి. వాటిలో తరచుగా కనిపించే ఏర్పాటు నివాసానికీ చదువుకూ సమంగా తగినది. మూడు వైపుల చిన్న గదుల వరుసలు, నడుమ స్తంభాల మండపం, ముంగిట ఎదురెదురుగా రెండు గజపృష్ఠ మందిరాలు ఉండేవి. గజపృష్ఠమంటే ఏనుగు వెనుకభాగం వలె ఒక కొస గుండ్రంగా తిరిగిన ఆకారం. ఒక మందిరంలో స్తూపం, ఎదుటి దానిలో బుద్ధవిగ్రహం. గదులు ఒక మనిషి పడుకోవడానికి సరిపోయేంత చిన్నవి. మండపం అందరూ కూర్చొని వినడానికి చాలినంత పెద్దది. సొంతానికి తక్కువ, ఉమ్మడికి ఎక్కువ అనే విలువ ఆ కొలతలలోనే ఉంది. ఊరివైపు కూడా ఇదే మనసు కనిపిస్తుంది. నది ఒడ్డున రాతిమెట్ల స్నానఘట్టం, బాటసారులు విశ్రమించే మండపం, సుమారు వెయ్యిమంది కూర్చోగల మెట్ల వరుసలతో ఒక ఆరుబయలు ప్రదర్శనశాల, ఇవన్నీ ఆ రాజధానిలో జనం కోసం వెలిశాయి.

ఇక బోధిసిరి శాసనం. గోవగామానికి చెందిన రేవతుడనే గృహపతి కుటుంబపు ఉపాసిక, అంటే సంసారంలో ఉంటూ బౌద్ధాన్ని ఆచరించే భక్తురాలు, బోధిసిరి. వీరపురుషదత్తుని 14వ సంవత్సరంలో ఆమె శ్రీపర్వతం మీద, విజయపురికి తూర్పున, చుళ్ళధమ్మగిరి విహారంలో ఒక చైత్యగృహాన్ని తామ్రపర్ణి, అంటే సింహళదేశపు స్థవిరుల కోసం కట్టించింది. నేడు నాహరాళ్ళబోడు అని పిలిచే గుట్ట ఆ చోటు. ఆమె ఇతరచోట్ల చేయించిన పనుల పట్టిక కూడా శాసనంలో ఉంది. సింహళ విహారంలో బోధివృక్షానికి ఒక మందిరం, మహాధమ్మగిరిలో ఒక గది, దేవగిరిలో ధ్యానశాల, పూర్వశైలంలో చెరువుతో పాటు మండపం, కంటకసేల, అంటే నేటి ఘంటసాలలో, మహాచైత్యపు తూర్పు ద్వారం వద్ద రాతి మండపం, పాపిలలో ఏడు గదులు, పుష్పగిరిలో మరొక రాతి మండపం. ఒక ఇల్లాలి దానాలు కొండల నుండి సముద్రతీరం దాకా ఇలా విస్తరించాయి. ఎక్కడ ఏది కొరవడిందో అక్కడ అదే కట్టించారు: ఒకచోట ఒక్క గది, మరొకచోట చెరువు. పేరు కోసం ఒకే పెద్ద కట్టడం లేపే తీరు కంటె ఈ తీరు ఉన్నతమైనదని చెప్పక తప్పదు. అవసరాలు తెలిసిన నవకమ్మికుల సలహా లేనిదే ఇటువంటి పట్టిక తయారు కాదు.

ఆ శాసనం కొసను ముగ్గురు నవకమ్మికుల పేర్లున్నాయి: చందముఖ థేరుడు, ధమ్మనంది థేరుడు, నాగ థేరుడు. థేరుడన్నా స్థవిరుడన్నా ఒకటే. వారి తరువాత ‘సేలవఢకి’ విధికుని పని అని మరొక మాట. సేల అంటే శిల. వఢకి అంటే సంస్కృతంలోని వర్ధకి, మన వడ్రంగి అనే మాటకు మూలం. మొదట కొయ్యపనివానికి వాడిన మాటకు శిల చేర్చి రాతిపనివానికి అన్వయించారు. కట్టడాలు కొయ్య నుండి రాతికి మారిన చరిత్ర అంతా ఈ సమాసంలో ఉంది. పల్నాటి సున్నపురాతి పలకలలో తలుపు చట్టాలను, దూలపు కొసలను పోలిన చెక్కడాలు చూసినవారికి ఇది మరింత బోధపడుతుంది. విధికుని పేరు దాతల వంశావళి ఉన్న శిల మీదనే ఉంది. ప్రణాళిక వేసిన గురువునూ, ఉలి పట్టిన మేస్త్రీనీ ఒకే శాసనంలో గౌరవించిన ఉదాహరణలు మన దేశంలో తరువాతి కాలంలో కూడా ఎక్కువ లేవు.

సింహళంతో ఈ లోయకు గల రాకపోకలు ఈ సంప్రదాయాన్ని అర్థం చేసుకోవడానికి తోడ్పడతాయి. సింహళ చరిత్రగ్రంథం మహావంశం దుట్ఠగామణి రాజు కట్టించిన మహాస్తూపం పనిని ఇంద్రగుప్తుడనే స్థవిరుడు పర్యవేక్షించినట్లు చెప్తుంది. ఆ పనిలో జీతం లేకుండా ఎవరి చేతా చాకిరీ చేయించరాదని రాజు శాసించినట్లు కూడా చెప్తుంది. భిక్షువు పర్యవేక్షణ, కూలికి న్యాయం అనే రెండు విషయాలు ఆ కథలో పక్కపక్కనే ఉండటం గమనించదగినది.

4వ శతాబ్దిలో ఇక్ష్వాకుల పాలన ముగిశాక లోయలోని విహారాలు క్రమంగా పాడుపడ్డాయి. గజపృష్ఠ రూపం మాత్రం పల్నాటిని విడిచిపోలేదు. నరసరావుపేటకు చేరువలో, నకరికల్లు మండలంలోని చేజెర్ల కపోతేశ్వరాలయం ఇటుకతో కట్టిన గజపృష్ఠ మందిరం. బౌద్ధ చైత్యగృహమే శివాలయంగా మారిందని పండితులు చాలామంది భావించారు. మతం మారినా, జనం గుమిగూడి ఒక కేంద్రం చుట్టూ తిరగడానికి అనువైన ఆ నిర్మాణం మళ్ళీ పనికివచ్చింది.

ఆనందుని పేరు 1600 ఏళ్ళకు పైగా మట్టిలో ఉండి 1926లో వెలుగు చూసింది. ఆ ఏడాది మద్రాసు శాసనశాఖలో తెలుగు సహాయకుడైన ఎ. రంగస్వామి సరస్వతి ఈ శిథిలాలను గుర్తించాడు. 1927 నుండి 1931 వరకు ఎ.హెచ్. లాంగ్‌హర్స్ట్ తవ్వించాడు, మహాచైత్యంలోని ఒక పక్క గదిలో చిన్న బంగారు భరిణెలో అస్థిధాతువు దొరికింది నాడే. శాసనాలను డచ్ పండితుడు జె.పి.హెచ్. వోగెల్ చదివి ప్రకటించాడు. నాగార్జునసాగర్ జలాశయం కింద లోయ మునిగిపోనున్నదని తేలాక, 1954 నుండి 1960 వరకు ఆర్. సుబ్రహ్మణ్యం నాయకత్వంలో లోయనంతా తవ్వారు. తొమ్మిది కట్టడాలను రాయి రాయికీ గుర్తులు పెట్టి విప్పి కొండ మీద తిరిగి కట్టారు. మరికొన్నింటి నమూనాలను అనుపు దగ్గర నిలిపారు. విరిగినవి బాగుచేయించడం నవకమ్మికుని విధి అన్న వినయ నియమాన్ని ఆ పురావస్తు శాఖవారు తెలిసో తెలియకో చివరిసారిగా నెరవేర్చారు.

నాదెండ్ల, నరసరావుపేట, మాచర్ల ప్రాంతపు పాఠశాలల నుండి ఏటా పిల్లలు అనుపుకు, నాగార్జునకొండ దీవిలోని మ్యూజియానికి వెళ్తుంటారు. వారిని తీసుకువెళ్ళే ఉపాధ్యాయులు వీరపురుషదత్తుని పేరుతో పాటు, తమ వంటి ఉపాధ్యాయుడే అయి ఆ ఇటుకల లెక్క చూసిన ఆనందుని పేరు కూడా చెప్పాలి. బోధిసిరి గురించి చెప్పేటప్పుడు ఆమె శాసనాన్ని కొస వరకు చెప్పాలి. అందులో చివరగా ఉన్న పేరు రాతిమేస్త్రీ విధికునిది.